ఫ్రెంచి సినిమాల్లో మా మామ నడక

పోయిన వారం పారిస్ నుంచి ఫోన్ వచ్చింది. మామతో పాటు పనిచేసే ఆవిడ. ఆయన నిద్రలోనే పోయాడని ఇంగ్లీషులో మెల్లగా చెప్పింది. మదనపల్లెలో మా ఇంటి అరుగు మీద టమాటాలు తరుగుతున్న అమ్మకు ఆ సంగతి నేనే చెప్పాను. మామ ఆమెకు ఒక్కగానొక్క తమ్ముడు.

"మాయమ్మ పోతే వాడు రాలేదు. ఇప్పుడు వాని కోసరం నేను యాల ఏడ్సల్ల?" అంది. నిజంగానే ఏడవలేదు. నాకు దానికే ఎక్కువ భయమేసింది.

మామ ఏం పని చేసేవాడో మా బంధువుల్లో చాలామందికి చివరిదాకా అర్థం కాలేదు. ఫ్రెంచి సినిమాలకు పనిచేస్తాడంటే పుంగనూరు పెళ్లిళ్లలో అందరూ హీరోలతో దిగిన ఫొటోలు అడిగేవాళ్లు. ఆయన పనేమో చప్పుళ్లు చేయడం. షూటింగులో మాటలు పట్టుకుంటారట, మిగతావి సరిగా పడవట. అడుగులు, తలుపు గడియ, కప్పు కింద పెట్టడం, ఇవన్నీ తర్వాత స్టూడియోలో బొమ్మ చూస్తూ మళ్లీ చేయాలి. హీరో నడిస్తే మామే నడవాలి, హీరోయిన్ నడిచినా మామే.

"ఆడోళ్ల హైహీల్స్ ఏసుకోని నడిచేదానికా అంత దూరం పోయినావు?" అని అమ్మ దెప్పేది.

"నా సైజు దొరికేదే కష్టంగా ఉండాదక్కా" అని నవ్వేవాడు.

మామ వయసులో ఉండగా, పట్టుపురుగుల మీద సినిమా తీయడానికి వచ్చిన ఫ్రెంచివాళ్లకు పుంగనూరు దగ్గర తాత పురుగులు పెంచే షెడ్డు చూపించాడట. పురుగులు మల్బరీ ఆకు తింటుంటే వాన కురిసినట్టే ఉంటుంది. దాన్ని టేపులో వినేసరికి ఆయనకు పిచ్చెక్కింది. వాళ్ల వెంట పోయి మైకులు మోసి, పని నేర్చుకుని, అక్కడే ఉండిపోయాడు. ఏదో సినిమాలో పారిస్ వీధిలో కురిసిన వాన మా పురుగుల మేతేనని చెప్పేవాడు. నేను ఇప్పటికీ సగమే నమ్ముతాను.

సెలవుల్లో వస్తే ఆయనతో బజారుకు పోవడం తలనొప్పే. చెప్పుల షాపులో "సూసేదానికి బాగుండాది, పలికేదే లేదు" అని మంచి జతను వదిలేసేవాడు. మార్కెట్ యార్డులో మాగిన టమాటాను చెవి దగ్గర పిసికి, కొట్లాట సీనుకు పనికొస్తుందంటూ చొక్కా పాడుచేసుకున్నాడు. ఒకసారి కుప్పం దగ్గర రామకుప్పంలో చుట్టాలింటికి పోయాం. ముందురోజే ఏనుగులు రాగిచేను తొక్కేశాయి. అందరూ నష్టం గురించి బాధపడుతుంటే, ఏనుగు నడిస్తే ఎట్లా వినిపిస్తుందని ఈయన ఆ రైతునే అడిగాడు. సిగ్గుతో నా తల వంగిపోయింది. రైతు మాత్రం తప్పుపట్టలేదు.

"వినపడదప్పా. కొమ్మ ఇరిగితేనే తెలిసేది."

మామ మొహం వెలిగిపోయింది. తిరుగు దారంతా అదే మాట: "చప్పుడే లేని నడకను ఎట్ల సేసేది, సెప్పు!"

"మనిషి ముందు చెవికొస్తాడు, ఆమీట కంటికి" అనేవాడు. ఇప్పటికీ బస్టాండులో వెనక వచ్చే అడుగులను బట్టి మనిషిని ఊహించుకుంటాను. ఆ సరదా ఆయన పెట్టిందే. అందుకు ఆయనకు రుణపడి ఉంటాను.

అమ్మమ్మ పోయినప్పుడు మాత్రం ఆయన రాలేదు. సినిమా పని మధ్యలో ఉందన్నాడు. నెలల తర్వాత వచ్చి సమాధి దగ్గర కూర్చున్నాడు. అమ్మ అన్నం పెట్టింది, మాట్లాడింది, క్షమించలేదు.

"అంత గొప్ప పని ఏందో నాకు సూపీ" అంది.

"కనపడేది కాదు గదక్కా" అని తలొంచుకున్నాడు.

ఫోన్ చేసిన ఆవిడ తర్వాత ఒక సినిమా పంపింది. తన పనుల్లో మామకు బాగా ఇష్టమైనది అదేనట. మొన్న ఆదివారం మధ్యాహ్నం ల్యాప్‌టాప్‌లో పెట్టాను. అమ్మ వద్దంటూనే చాప మీద కూర్చుని బియ్యం ఏరుకుంటోంది. తెర మీద ఒక ముసలావిడ ఒంటరిగా గది నుంచి గదికి నడుస్తోంది. మాటల్లేవు. అమ్మ చేయి ఆగిపోయింది.

"మళ్లా పెట్టు."

పెట్టాను. ఒక అడుగు గట్టిగా, రెండోది కాస్త ఈడుస్తూ. తుంటి విరిగి అతికాక అమ్మమ్మ అట్లాగే నడిచేది. నేను మరిచిపోయాను.

"మాయమ్మ... మాయమ్మే నడుస్తాండాది" అంది అమ్మ. "ఇది ఎప్పుడు సేసినాడు?"

అమ్మమ్మ పోయిన సంవత్సరమే వచ్చిన సినిమా అది. ఆ వార్త వినక ముందు నడిచాడో, విన్నాక నడిచాడో. అడుగుదామంటే ఆయన లేడు.

అమ్మ ఇంకోసారి పెట్టమంది. ఈసారి తెర చూడలేదు. కళ్లు తుడుచుకుని, లోపలి గది గుమ్మం వైపు తిరిగింది. అడుగులు దగ్గరవుతుంటే, చాప మీద కొంచెం పక్కకు జరిగి చోటిచ్చింది.