పది గజాల గొలుసు

నాకు సవతి ఉందని చెబితే న్యూజెర్సీ పిస్కాటవేలో ఉన్న నా స్నేహితురాళ్లు నవ్వేవారు. నవ్వరా మరి, ఆ సవతి మా ఆయన స్టాటిస్టిక్స్ చెప్పే చిన్న యూనివర్సిటీ ఫుట్‌బాల్ జట్టు. పోనీ గెలిచే జట్టయితే సర్దుకునేదాన్ని. ఎప్పుడూ ఓడిపోయే దానికి మొగుణ్ణి వదులుకోవడం మరీ చిన్నతనంగా ఉండేది.

మా ఆయన ఆడేవారు కాదు, ఆడించేవారూ కాదు. గొలుసు పట్టుకునేవారు. అమెరికన్ ఫుట్‌బాల్‌లో బంతి ఉన్న జట్టు నాలుగు ప్రయత్నాల్లో పది గజాలు ముందుకు పోవాలి. పోయిందో లేదో అనుమానం వస్తే కొలవడానికి మైదానం అంచున ఇద్దరు చెరో నారింజ రంగు కర్ర పట్టుకుని నిలబడతారు. ఆ కర్రల మధ్య పది గజాల గొలుసు ఉంటుంది. చిన్న యూనివర్సిటీల్లో ఆ పని ఊళ్లోవాళ్లూ, ప్రొఫెసర్లూ ఊరికే చేస్తారు. మేం పెన్సిల్వేనియాలోని ఈ ఊరికి వచ్చిన కొత్తలో, ఒక శనివారం ఎవరో రాలేదని మా ఆయన్ని పిలిచారు. ఆ వెళ్లడం వెళ్లడం, ఆకులు రాలే కాలంలో మళ్లీ ఒక్క శనివారం నాకు మిగల్చలేదు.

ఆ జట్టు చరిత్రంతా నేను అన్నం వడ్డిస్తూ విన్నాను. మొదట్లో అది టీచర్లను తయారుచేసే కాలేజీ అట. మొదటి జట్టు జెర్సీలు ఆ కుర్రాళ్ల అమ్మలే కుట్టారట. యుద్ధమొచ్చి కుర్రాళ్లంతా వెళ్లిపోతే మైదానంలో బంగాళాదుంపలు వేశారట. తిరిగొచ్చినవాళ్లు ఆ చేను చదును చేసి మళ్లీ ఆట మొదలుపెట్టారట. ఒకే ఒక్క ఏడాది అన్ని ఆటలూ గెలిచారు. ఆ ఏటి ఫొటో జిమ్ గోడ మీద ఉంది. అందులో ఎవరు ఎక్కడ నిలబడ్డారో మా ఆయన కళ్లు మూసుకుని చెబుతారు. మా పెళ్లి ఫొటోలో నా పక్కనున్నది మా పిన్నో, మేనత్తో ఇప్పటికీ ఆయనకు తెలియదు.

ఒక్కసారి నేనూ వెళ్లాను. మనవాళ్లకు బంతి దొరకగానే క్రికెట్ అలవాటు కొద్దీ లేచి గొంతు చించుకుని అరిచాను. చుట్టూ ఉన్నవాళ్లంతా నావైపు తిరిగారు. మన జట్టు చేతిలో బంతి ఉన్నప్పుడు నోరు మూసుకోవాలట, ఆట నడిపే కుర్రాడి పిలుపు మిగతావాళ్లకు వినపడాలి కదా. అవతలివాళ్ల చేతిలో ఉన్నప్పుడు అరవాలట. మా ఆయన నన్ను ఎరగనట్టు నేలచూపులు చూశారు. గొలుసు పట్టేవాళ్లు ఎవరి పక్షమూ వహించకూడదని ఇంటికొచ్చాక చెప్పారు. పెళ్లాం పక్షం కూడానా అని అడిగాను.

నాకు కడుపు మండింది అందుకు కాదు. రెండో కర్ర పట్టుకున్న మనిషిని చూసి. ఊళ్లో హార్డ్‌వేర్ షాపు నడిపే పెద్దాయన. వాళ్లిద్దరూ మాట్లాడుకోరు. ఒకరినొకరు చూసుకుని, గొలుసు వదులు కాకుండా ఒకేసారి కదులుతారు. ఇన్నేళ్ల కాపురంలో మేం ఒక్క దుప్పటి కూడా అలా మడతపెట్టలేదు. నేను కుడికి తిప్పితే ఆయన ఎడమకి తిప్పుతారు. ఆ పెద్దాయన మీద కళ్లలో నిప్పులు పోసుకుని ఇంటికొచ్చాను, మళ్లీ వెళ్లలేదు. శనివారం ఫంక్షన్లకు ఒక్కదాన్నే డ్రైవ్ చేసుకుని పోయేదాన్ని. "అంకుల్ రాలేదా ఆంటీ?" అని పిల్లలు అడిగితే, "అంకుల్‌కి గేమ్ ఉందమ్మా" అనేదాన్ని.

కిందటేడు యూనివర్సిటీ నుంచి ఈమెయిల్ వచ్చింది. విద్యార్థులు తగ్గిపోయారు, ఈ సీజన్‌తో ఫుట్‌బాల్ ఆపేస్తున్నాం అని. నేను లోలోపల పండగ చేసుకున్నాను. చివరి ఆట అయ్యాక ఆయన ఇంటికొచ్చి, షూస్ కూడా విప్పకుండా సోఫాలో కూర్చుని ఏడ్చారు. నాకు ఆపరేషన్ అయిన రోజు డాక్టర్‌తో నిబ్బరంగా మాట్లాడిన మనిషి. నేను పోయినా ఇలా ఏడుస్తారా అనిపించింది. అడిగేదాన్నే. ఏం చెబుతారోనని భయమేసి కాఫీ పెట్టడానికి లేచాను.

గుర్తుగా ఉంచుకోమని ఆ కర్రలూ గొలుసూ ఆయనకే ఇచ్చేశారు. తెచ్చి గరాజ్‌లో పెట్టారు. సవతి ఏకంగా ఇంట్లోకే వచ్చి కూర్చుంది. ఈ ఏడాది శనివారాలన్నీ ఆయన నా ఎదురుగానే ఉన్నారు, టీవీ కూడా పెట్టకుండా, ఏదడిగినా ఊఁ అంటూ. ఆట ఉన్నప్పుడు దానితో పోట్లాడేదాన్ని. ఇప్పుడు దేనితో పోట్లాడాలో తెలియలేదు.

మొన్న శనివారం పెరట్లో వెల్లుల్లి పాతడానికి మడి కొలవాల్సి వచ్చింది. టేపు కనపడలేదు. ఆయన గరాజ్‌లోకి వెళ్లి గొలుసు తెచ్చి, ఒక కర్ర నా చేతిలో పెట్టారు.

"ఆ చివర నుంచో. లూజ్ చేయకు, టైట్‌గా పట్టుకో."

పట్టుకున్నాను. పది గజాల అవతల ఆయన, కళ్లు చిన్నవి చేసుకుని నా చేతులకేసే చూస్తున్నారు. ఇన్నేళ్లూ ఆ పెద్దాయనకు కనిపించిన మొహం ఇదన్నమాట. ఉండబట్టలేకపోయాను.

"ఏవండీ, మీ ఫ్రెండ్ పట్టుకున్నట్టే పట్టుకున్నానా?"

ఆయన గొలుసుకేసి చూశారు. అబద్ధం చెప్పడం రాని మనిషి.

"అతను ఇంకొంచెం లాగి పట్టుకునేవాడు."

ఉన్న బలమంతా పెట్టి లాగాను. ఆయన నావైపు ఒక అడుగు తూలారు.