చెల్లెలు నాకొక్కదానికే చెప్పిన మాట

ఆరేళ్ళుగా ఒక అబద్ధాన్ని మోస్తున్నాను. వంటగదిలో నిలబడి మా అమ్మతో అన్న చిన్న అబద్ధం. అనడానికి అర నిమిషం కూడా పట్టలేదు. దాని కింద మా చెల్లెలి కాపురం ఇప్పటికీ నలుగుతూనే ఉంది.

ఆమెకు తెలియదు. ఆదివారాలు వచ్చి నా పాపకు తలంటి పోసి, సాంబ్రాణి పొగ వేసి, నన్ను కాసేపు పడుకోమంటుంది. పడుకుంటాను గానీ నిద్ర పట్టదు. పాపకు జ్వరం వస్తే, నేను చేసిన పని దీనికి తగులుతోందేమో అనుకుంటాను. డిగ్రీలో మైక్రోబయాలజీ చదివినదాన్ని. జ్వరం ఎందుకొస్తుందో తెలుసు. అయినా అనుకుంటాను. ఇంట్లో ఎవరితోనూ అనలేను. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీతో అంటున్నాను.

ముందు నా సంగతి చెప్పాలి. అర్థమైతే క్షమిస్తారని కాదు.

చెల్లెలికన్నా రెండేళ్ళ ముందు నా పెళ్ళయింది. శోభనం గదిలోకి వెళ్ళేటప్పుడు నాకున్న ఆశ చాలా చిన్నది. ఆయన నన్ను ఏదో ఒకటి అడుగుతాడనుకున్నాను. ఏమంటే ఇష్టం, భయంగా ఉందా, ఏదైనా సరే. జవాబులు కూడా మనసులో అనుకుని పెట్టుకున్నాను. ఆయన అడిగింది ఒక్కటే, లైటు తీసెయ్యనా అని. తర్వాత ఆయన నిద్రపోయాడు. నేను ఎల్.బి.నగర్ చౌరస్తా వైపు పోయే లారీల చప్పుడు వింటూ పడుకున్నాను. ఆయన చెడ్డవాడు కాదు. పాప ఏడిస్తే నాకన్నా ముందు లేస్తాడు. స్నేహితుల వెకిలి మాటలు తప్ప, ఆయనకు కూడా ఎవరూ ఏమీ చెప్పి ఉండరు. అందరికీ ఇంతేనేమో అనుకున్నాను. ఆ 'అందరికీ' అన్న మాట పట్టుకునే ఆ రెండేళ్ళూ గడిపాను. ఎవరికీ లేనిది నాకూ లేకపోతే బాధెందుకు?

తర్వాత చెల్లెలి పెళ్ళి. అబ్బాయి వాళ్ళది తెనాలి, ఎల్.బి.నగర్‌లో స్థిరపడ్డారు. కోచింగ్ సెంటర్‌లో లెక్కలు చెబుతాడు. మాది పోచంపల్లి దగ్గర. నాన్నకు దిల్‌సుఖ్‌నగర్‌లో చీరల దుకాణం, దాని పైనే ఇల్లు. పెళ్ళికూతురి ఇంట్లో మూడు నిద్రలు చేయాలి కనుక అక్కడే గది ఏర్పాటు చేశాం. చేసింది నేనే. పళ్ళ మార్కెట్ అప్పుడింకా గడ్డిఅన్నారంలోనే ఉండేది. నాన్న పొద్దున్నే పోయి ద్రాక్ష, సపోటాలు తెచ్చాడు. మంచానికి మల్లెదండలు కట్టాను. చెల్లెలికి నాలుగు మాటలు చెప్పమని అమ్మ నన్ను పంపింది. కళ్ళు మూసుకో, అదే అయిపోతుంది అని చెప్పాను. నాకు తెలిసింది అంతే.

మర్నాడు పొద్దున చెల్లెలు నా చెయ్యి పట్టుకుని డాబా మీదికి లాక్కుపోయింది. ఆరేసిన చీరల మధ్య నిలబడి, నవ్వు ఆపుకోలేక కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.

"'మీకేమన్నా భయంగా ఉందాండీ' అన్నడక్కా. నన్ను అండీ అన్నడు."

"నువ్వేమన్నవ్?"

"ఉందన్న. 'నాక్కూడా ఉందండీ' అన్నడు. ఇగ ఇద్దరం ఒకటే నవ్వుడు. పండ్లన్నీ తినేసినం. 'తొందరేం లేదు, మీరు ఎప్పుడు సరేనంటే అప్పుడే' అన్నడు. తెల్లారేదాంక ముచ్చట్లే."

ఆమె నా చెయ్యి నొక్కింది.

"ఎవ్వరికీ చెప్పకు. అమ్మకు గూడ."

"నేనెందుకు చెప్తనే."

మెట్లు దిగుతుంటే అర్థమైంది. అందరికీ అంతే కాదన్నమాట. నన్ను అడుగుతాడని నేను ఎదురుచూసిన ప్రశ్నలన్నీ ఎవరో నా దగ్గర్నుంచి తీసుకెళ్ళి ఆమె చేతిలో పెట్టినట్టుంది. నాకంటే చిన్నది. నాకంటే తక్కువ చదివింది. అడగకుండానే ఆమెకు దొరికింది. ఇదేనా అసూయంటే? అప్పుడు దానికి ఆ పేరు పెట్టలేదు. చెల్లెలి గురించి బెంగ అని పేరు పెట్టుకున్నాను.

వంటగదిలో అమ్మ ఉప్మాకు ఉల్లిగడ్డలు కోస్తోంది. రాత్రి ఏమీ కాలేదట అన్నాను. అక్కడితో ఆగినా సరిపోయేది. ఆగలేదు. పిల్లగానికి ఏమన్న ఉందేమో అన్నాను. చెల్లె ఏడుస్తున్నది అన్నాను. నేను చెప్పినట్టు ఎక్కడా అనొద్దని ఒట్టు కూడా వేయించుకున్నాను.

అమ్మ కంగారుపడి పెద్దమ్మతో చెప్పింది. పెద్దమ్మకు మనసులో మాట దాచుకోవడం చేతకాదు. టిఫిన్ల దగ్గర, మరిది పళ్ళెంలో ఉప్మా వేస్తూ, అల్లుడూ ఏమన్న ఇబ్బందుంటే సిగ్గుపడకు, దవాఖానల మనకు తెలిసిన డాక్టరున్నడు అంది, నవ్వుతూనే. నాన్న తల దించుకున్నాడు. మరిది చెయ్యి పళ్ళెంలోనే ఆగిపోయింది. తలెత్తి మంచినీళ్ళు తెస్తున్న చెల్లెలి వైపు చూశాడు. కోపంగా కాదు. బస్సులో ఎవరో తెలియని మనిషిని చూసినట్టు చూశాడు.

రెండో రాత్రి పెద్దమ్మా వాళ్ళూ హాల్లోనే చాపలు పరుచుకున్నారు. మర్నాడు చెల్లెలు డాబా మీదికి పిలవలేదు. నేనే వెళ్ళాను. బట్టలు మడతపెడుతోంది. అడిగితే, రాత్రి అతను ఒక్క మాట మాట్లాడలేదంది. అయిపోయాక, ఇక మీవాళ్ళకు చెప్పుకోండి అని అటు తిరిగి పడుకున్నాడట.

ఇక్కడిదాకా రాయడం ఒక ఎత్తు. తర్వాతది రాయడానికే ఇంతసేపూ జంకుతున్నాను. ఆమె ఆ మాట చెబుతుంటే నాకు ఏడుపు రాలేదు. హాయిగా అనిపించింది. ఒక్క క్షణమే కావచ్చు. కానీ అనిపించింది. ఇప్పుడు మనిద్దరం ఒకటే అనుకున్నాను.

అమ్మకెట్ల తెలిసిందో అని ఆమె అడిగింది. పక్క మీద పూలు నలగలేదు కదా, చూసి ఉంటుంది అన్నాను. నమ్మింది. అప్పటినుంచి అమ్మతో ముక్తసరిగా మాట్లాడుతుంది. వేసిన ఒట్టు కోసం అమ్మ అది కూడా భరిస్తోంది.

వాళ్ళు కలిసే ఉన్నారు. గొడవలు లేవు. పండక్కి చీర తెస్తాడు, ఒంట్లో బాగాలేకపోతే సెలవు పెడతాడు. అండీ అనే పిలుస్తాడు. మొన్న పాపను ఒళ్ళో పెట్టుకుని చెల్లెలు అంది, ఆయన నాతో మనసిచ్చి మాట్లాడింది ఆ ఒక్క రాత్రేనక్కా అని. అప్పుడైనా చెప్పొచ్చు. నోటిదాకా వచ్చింది. చెబితే ఆమె ఇక మా గడప తొక్కదేమో, పాపకు పిన్ని లేకుండా పోతుందేమో అని భయం. అది కూడా పూర్తి నిజం కాదు. ఆ ఒక్క రాత్రి అని ఆమె అన్నప్పుడు, నాకు ఆ ఒక్కటి కూడా లేదు కదా అని లోపల మళ్ళీ భగ్గుమంది. ఆరేళ్ళయినా చల్లారలేదు. ఇలాంటిదాన్ని, రేపు నా కూతురి సంతోషాన్నైనా ఓర్చుకోగలనా?

తాను మనసు విప్పి చెప్పిన మాటల్ని భార్య తెల్లారగానే పెద్దల ముందు పరిచిందని, ఆమె ఎంత కాదన్నా, మరిది ఇప్పటికీ అనుకుంటున్నాడు. ఆమె ఆ పని చేయలేదు. నేను చేశాను. నవ్వుతున్న పిల్లను ఏడుస్తోందని చెప్పింది నేనే. ఈ మాట వినాల్సినవాళ్ళు ఇద్దరున్నారు, వాళ్ళకింకా చెప్పలేదు. చెప్పగలనో లేదో తెలియదు. కానీ ఇన్నేళ్ళలో దీన్ని నాతో నేను కూడా ఇంత సూటిగా అనుకోలేదు. ఇవాళ అనుకున్నాను. అంతవరకు కొంచెం తెరిపిగా ఉంది.