తాడు పట్టినవాడి వాటా

కళింగపట్నంలో ఈశ్వర్‌ని సినిమావాడని ఎవరూ అనరు. వీడియో ఈశ్వర్ అంటారు. స్వతంత్ర దర్శకుడు, ఛాయాగ్రాహకుడు లాంటి మాటలు పత్రికల్లో అచ్చేసుకోవడానికి బాగుంటాయి. స్వతంత్రమంటే ఆచరణలో ఏమిటయ్యా అంటే, మాఘమాసమంతా కోటబొమ్మాళి నుంచి శృంగవరపుకోట దాకా పందిళ్లలో పెళ్లికూతుళ్ల ముఖాన లైటు కొట్టి, ముహూర్తాల్లేని నెలల్లో తనకు నచ్చింది తీసుకోవడం. ఆకలి మాత్రం ఎవరి మీదా ఆధారపడదు.

తండ్రిది వేట. కొడుక్కేమో పడవెక్కితే వాంతులు. జాలరి ఇంట ఇంతకన్నా నామర్దా ఉంటుందా? అందుకే శ్రీకాకుళంలో ఒక వీడియో షాపులో చేరాడు. రెండువేల పన్నెండులో పాత కెమెరా ఒకటి చేతికొచ్చాక పొట్టి సినిమాలు తీశాడు. చూసినవాళ్లు బాగున్నాయన్నారు, మరిచిపోయారు. రెండువేల పదిహేనులో అలివి వల మీద పడ్డాడు.

అలివి వల తెలియనివాళ్ల కోసం రెండు ముక్కలు. పడవ మీద వలను సముద్రంలోకి తీసుకెళ్లి అర్ధచంద్రంలా వదిలి, దాని రెండు తాళ్లూ ఒడ్డుకు చేరుస్తారు. ఆడా మగా నడుముకి పట్టీ కట్టి, దాన్ని తాడుకి తగిలించి, సముద్రాన్నే చూస్తూ వెనక్కి వెనక్కి నడుస్తూ లాగుతారు. చివరికి చేరినవాడు పట్టీ విప్పుకుని మళ్లీ నీళ్ల దగ్గరికి పోయి తగిలించుకుంటాడు. వల నీళ్లలో ఉండగా ఒడ్డు మీద ఎవరూ ఊరికే నిలబడకూడదు. దారిన పోయేవాడైనా సరే, తాడు పట్టాడంటే వాటా పెట్టాల్సిందే.

మొదటి రోజు ఈశ్వర్ స్టాండు పాతి కెమెరా పెట్టగానే వల పెద్ద సోములు కేకేశాడు. "ఒరే! తాడు ముట్టనోడికి ఒడ్డు మీద పనేటిరా?"

"మావా, నాను ఫొటో తీత్తన్నాను."

"ఫొటో నడుంతో తీత్తావేటి? నడుం కాళీయే కదా!"

అందరూ నవ్వారు. మేనత్త అసిరమ్మ తన పాత చీరముక్క పట్టీగా పేని అల్లుడి నడుముకి బిగించి, తన వెనకే తాడుకి తగిలించింది. "లాగు, తియ్యి. రెండూ సెయ్యి. మీ అయ్య ఒంటిసేత్తో తెడ్డేసి, ఇంకో సేత్తో సుట్ట కాల్సీవోడు."

అలా రెండేళ్లు తీశాడు. మొదట్లో బొమ్మ ఊగుతోందని సిగ్గుపడ్డాడు. తర్వాత తెలిసింది: తాడు గుంజినప్పుడల్లా తెరా గుంజుతోంది, జనం ఆయాసపడితే తెరా ఆయాసపడుతోంది. ఎన్ని యంత్రాలు అద్దెకు తెచ్చినా రాని నడక అది.

అప్పుడు దిగాడు ఉమాశంకర్, హైదరాబాదు దర్శకుడు. అసిరమ్మ ఇంట చేపల పులుసు తిని, ఈశ్వర్ పని చూసి కళ్లనీళ్లు పెట్టుకుని, కూర్పు, అంటే ఎడిటింగు, తాను చేయిస్తానని, తీసిందంతా ఉన్న హార్డ్ డిస్క్ అడిగాడు. ఒడ్డు మీద ఎవరైనా కూరకి నాలుగు చేపలడిగితే కాగితం రాయించుకోరు, ఇచ్చేస్తారు. ఈశ్వర్ డిస్క్ కూడా అలాగే ఇచ్చేశాడు. ఇలాంటి పొరపాటు ఆ ఒడ్డున పుట్టినవాడే చేయగలడు. దాన్ని వాడుకోవడానికి మాత్రం చదువుకున్నవాడే కావాలి.

రెండువేల పద్దెనిమిదిలో విజయనగరంలో ఉమాశంకర్‌కి సన్మానం, సినిమా ప్రదర్శన. ఈశ్వర్ అత్తనీ సోములునీ వెంటబెట్టుకు వెళ్లాడు. తెర మీద పడింది: ఛాయాగ్రహణం, దర్శకత్వం, ఉమాశంకర్. తర్వాత నడిచినవన్నీ ఈశ్వర్ తీసినవే. బొమ్మ ఊగడం లేదు. కంప్యూటరుతో ఇస్త్రీ చేసి నున్నగా పెట్టారు. ఆడవాళ్ల మాటలు తీసేసి ఎవరో పట్నపు గొంతుతో "ఈ అమాయక గంగపుత్రులు" అని చదివించారు. అమాయకులట! తిట్లూ సరసాలూ తీసేశాక అమాయకులు కాక ఏమవుతారు?

"ఇదేటిరా, నా నోట్లో ఎవులో మాటాడతన్నారు?" అంది అసిరమ్మ. అంటూనే లేచి నిలబడింది. "ఆగండి! ఆ రైక మీద అతుకు నాది. నా ఎనకాల తాడుకున్నోడు మా ఈసుడు. మరి ఈ బాబెక్కడున్నాడు?"

వేదిక మీద ఉమాశంకర్ చిరునవ్వు చెదరలేదు. "బ్రదర్, నీ మెటీరియల్ అంతా షేకీగా ఉంది. సినిమాగా నిలబెట్టింది మేము. కావాలంటే చివర్లో కృతజ్ఞతల్లో నీ పేరు వేస్తాను."

"నాను తీసినాను. కెమెరా కాడ నా పేరెయ్యండి," అన్నాడు ఈశ్వర్.

"అగ్రిమెంట్ ఏమైనా ఉందా?"

ఈశ్వర్ కన్నా ముందు అసిరమ్మే అంది. "తాడు పట్టినోడికి వాటా ఎట్టకుండా వల మడతెట్టీసిన ఒడ్డు నానెక్కడా సూడనేదు బాబూ!"

హాలంతా గొల్లున నవ్వింది. మాటకి కాదు, యాసకి. నవ్వినవాళ్లు ఎక్కడివాళ్లో కాదు, ఇంటి దగ్గర ఆ యాసే మాట్లాడేవాళ్లు. తెర మీద ఆ భాష పనిమనిషికీ విదూషకుడికీ తప్ప దక్కనివ్వని సినిమాలు, దాన్ని వినగానే నవ్వమని వాళ్లకి నేర్పి పెట్టాయి. ఉమాశంకర్ చేసింది దొంగతనం. ఈ నవ్వుకి ఏ పేరు పెట్టాలి?

కృతజ్ఞతలు నీ దగ్గరే ఉంచుకోమని ఈశ్వర్ వచ్చేశాడు. ఆ సినిమా ఇంకా ఊళ్లు తిరుగుతూనే ఉంది, అతని పేరు లేకుండానే.

పాత కంప్యూటరులో మిగిలిన నకలుతో ఈశ్వర్ తన సినిమా తానే కూర్చాడు, ఊపుతోనూ తిట్లతోనూ. పొద్దు కుంకాక ఒడ్డున దుప్పటి కట్టి వేశాడు. ఇసుకలో కూర్చున్నవాళ్లు తాడు గుంజినప్పుడల్లా తమకు తెలియకుండానే వెనక్కి వాలారు. సోములు తన తిట్టు తానే విని మురిసిపోయాడు. చివర అక్షరాలు పడ్డాయి.

"ఏటి రాసినావురా?" అంది చదువురాని అసిరమ్మ.

"కెమెరా, ఈశ్వర్ అని, అత్తా."

"ఇంకోపాలి ఎయ్యి. గట్టిగా సదువు. ఆ పడవల కాడోళ్లకి కూడా ఇనపడాల."

ఈశ్వర్ మళ్లీ వేశాడు. గొంతు సవరించుకుని గట్టిగా చదివాడు.