పల్లవికి నీలం గీత

మా బావ సినిమా హాల్లో ప్రొజెక్టర్ ఆపరేటర్. ఉద్యోగమంతా ఎవరెవరివో సినిమాలు వేశాడు గానీ, సొంతంగా తీసింది ఒక్కటే. అందులో మనుషుల్లేరు, మాటల్లేవు. అసలు కెమెరాయే లేదు. పారేసిన ఫిల్ము ముక్కలు ఏరుకొచ్చి, వాటి మీద సూదితో గీతలు గీకి, రంగు సిరాలు అద్దాడు.

అదంతా మా అక్క కోసం. అక్క వయొలిన్ పంతులమ్మ. జ్వరమొచ్చి రెండు చెవులూ పోయాయి. అయినా కొన్నాళ్లు ధీమాగానే ఉంది. "బయట వినపడకపోతేనేం, లోపల మోగుతూనే ఉందిగా" అనేది. ఒకరోజు బట్టలు మడతపెడుతూ, తన గొంతు తనకు తెలియదు కనుక వీధంతా వినేలా, "ఏవండీ, లోపల కూడా చెరిగిపోతోందండీ!" అంది. ఆ సాయంత్రమే బావ సూది పట్టాడు.

అక్క పిల్లలకు రోజూ నేర్పిన పాటే తీసుకున్నాడు. పల్లవికి వాలుగా నీలం గీత. తిరిగొచ్చిన ప్రతిసారీ కాస్త లావెక్కుతుంది. చరణాలకు పసుపు చుక్కలు. స్వరం పైకెళితే చుక్కా పైకెళుతుంది.

"గీతలు చూస్తే పాట వినిపిస్తుందా బావా?" అన్నాను.

"నీకు చెవులుండి ఏం వినిపించిందిరా ఇన్నాళ్లూ? కర్టెన్లు వెయ్యి."

గోడకు దుప్పటి కట్టాం. నీలం గీత వచ్చింది. అక్క ఎడంచేతి వేళ్లు కుర్చీ చేతి మీద కదిలాయి. బావ తెర వైపు చూడనే లేదు, ఆ వేళ్లనే చూస్తున్నాడు. రెండో చరణం కాగానే తెర నల్లబడింది. అయిపోయిందనుకుని నేను లేచి చప్పట్లు కొట్టేశాను.

"కూర్చోరా, అడ్డం!" అన్నాడు బావ.

సిగ్గుపడి వెనక్కి తిరిగేసరికి, ప్రొజెక్టర్ నుంచి చిందే కాస్త వెలుగులో అక్క చెయ్యి కళ్లజోడును పైకి తోస్తోంది. ఆఖరి పల్లవికి ముందు ఎప్పుడూ అంతే, వయొలిన్ కమాను ఆపి కళ్లజోడు సర్దుకునేది. పిల్లలు చాటుగా నవ్వుకునేవాళ్లు. బావ ఆ కాస్త విరామాన్ని కూడా వదల్లేదు. దానికని నల్ల ఫిల్ము అతికించాడు.

చివరి నీలం గీత వచ్చి వెళ్లిపోయింది. లైటు వేశాను. బావ అక్క ముందు వంగి, పెదాలు కనపడేలా అడిగాడు. "వినిపించిందా?"

అక్కకు అబద్ధమాడటం చేతకాదు. తల అడ్డంగా ఊపింది. "లేదండీ. కానీ పాటలో ఎక్కడున్నానో తెలిసింది."

బావ సరేనన్నట్టు తలాడించి, రీలు వెనక్కి చుట్టడానికని అటు తిరిగాడు. చిన్న రీలే, ఇట్టే అయిపోవాలి. చాలాసేపు చుట్టాడు.