మెమరీ కార్డులో నా ఊరు

మా చిన్నప్పుడు... ఒక వేసవంతా నేను నవారు మంచం మీదే గడిపాను. తెనాలిలో మా ఇంటి దగ్గర కాలవ రేవులో జారిపడి కాలు విరగ్గొట్టుకున్నాను. తొడ దాకా సిమెంటు కట్టు. లోపల దురద పెడితే అల్లిక సూది దూర్చి గోక్కోవడం... వీధిలో పిల్లల కేకలు వింటూ పడుకోవడం. అంతే నా లోకం.

నాకు తోడుగా ఉంటాడని బాపట్ల నుంచి మా పెద్దమ్మ కొడుకు శీను అన్నయ్యను పిలిపించారు. నాకంటే మూడేళ్ళు పెద్ద. వస్తూ వస్తూ తన వీడియో గేమ్ తెచ్చాడు. అప్పటికే పాతదది. మూత సరిగా పడేది కాదు. మా నాయనమ్మ తమలపాకుల పెట్టె దాని మీద బరువు పెడితేనే లోపల డిస్కు తిరిగేది. వక్క కావాలంటే మా ఆట అయ్యేదాకా ఆవిడ ఆగాల్సిందే...

అందులో ఒక ఊరు కట్టే ఆట ఉండేది. ఎర్ర గౌను వేసుకున్న పిల్ల నేల చదును చేస్తుంది, కాలవ తవ్వుతుంది, ఇళ్ళు కడుతుంది. అది నా ఆట. నేను మంచం దిగలేని రోజుల్లో ఆ పిల్ల గట్ల వెంట పరిగెత్తేది. వంతెన కట్టాను, పడవలు వేశాను, నా స్నేహితురాళ్ళందరికీ తలా ఒక ఇల్లు ఇచ్చాను. కట్టు విప్పాక వాళ్ళందర్నీ పిలిచి చూపించాలని నా ఆశ.

ఆడినదంతా దాచుకోవడానికి ఒక మెమరీ కార్డు ఉండేది. అగ్గిపెట్టెంత. అందులో సగానికి పైగా చోటు నా ఊరే తినేసేది. మిగిలిన దాంట్లో నా కార్ల పందెం, అన్నయ్య క్రికెట్టు, ఇంకేవో కుస్తీలు... కొత్తది దాచాలంటే పాతది ఏదో ఒకటి తీసెయ్యాలి. ఇద్దరం పక్కపక్కన కూర్చుని, ఏది ఉంచాలి, ఏది తియ్యాలి అని ఆస్తి పంపకాల్లా మాట్లాడుకునేవాళ్ళం.

అన్నయ్య క్రికెట్టుకు చోటు చాలకపోతే నా కార్ల పందెం నేనే తీసేశాను. అన్నయ్య సంబరపడిపోయాడు.

"నీ ఊరి జోలికి మాత్రం ఎవర్నీ రానివ్వనే బుజ్జీ. ఒట్టు," అని నా చేతిలో చెయ్యి వేశాడు.

కట్టు విప్పించడానికి నాన్న నన్ను గుంటూరు తీసుకెళ్ళారు. సాయంత్రానికి తిరిగొచ్చాం. కాలు సన్నగా, వేరే ఎవరిదోలా ఉంది. నేల మీద ఆనించాలంటే భయం. అయినా గోడ పట్టుకుని కుంటుకుంటూ టీవీ దగ్గరికి వెళ్ళాను... ఆట పెట్టాను. ఊరు లేదు. బీడు నేల. దాని మధ్యలో ఆ పిల్ల ఒక్కతే నిలబడి ఉంది.

అన్నయ్య మొహం పాలిపోయింది.

"దాస్తుండగా కరెంటు పోయిందే. కార్డు దానంతటదే చెరిగిపోయింది. నేనేం చెయ్యను?"

నమ్మాను. ఆ రోజుల్లో కరెంటు చెప్పి పోయేదా ఏమన్నా! పైగా అన్నయ్య కళ్ళలో నీళ్ళు చూసి నేనే ఓదార్చాను... "పోనీలే అన్నయ్యా, నువ్వేం చేస్తావు," అని. అమ్మ పక్కనే నిలబడి చూస్తోంది. ఆ రాత్రి నా మామిడిపండు కూడా వాడికే ఇచ్చాను.

రెండేళ్ళ తర్వాత, రేపల్లెలో మా పిన్ని వాళ్ళ గృహప్రవేశం. భోజనాలయ్యాక అందరూ వసారాలో చాపల మీద చేరి కబుర్లలో పడ్డారు. ఎవరో నా కాలు విరిగిన సంగతి ఎత్తారు. అన్నయ్య పగలబడి నవ్వాడు.

"ఇది ఎంత పిచ్చిదో తెలుసా పిన్నీ? ఇది గుంటూరు వెళ్ళిన రోజు, వీళ్ళ వీధిలో నా ఫ్రెండ్స్ కొత్త గేమ్ తెచ్చారు. కార్డులో చోటు లేదు. దీని ఊరు నేనే పీకేశా. కరెంటు పోయిందంటే నమ్మేసింది!"

అందరూ నవ్వారు. నేను అమ్మ వైపు చూశాను. అమ్మ నవ్వలేదు... అలాగని ఆశ్చర్యపోనూ లేదు.

"నీకు ముందే తెలుసా?" అని అడిగాను.

"మీరు గుంటూరు నుంచి రాకముందే వాడు నాతో చెప్పాడమ్మా. ఆడుకునేదేగా, ఊరికే ఏడుస్తావని నీతో అనలేదు. పిల్లలిద్దరూ కొట్టుకుంటే మా అక్క ఏమనుకుంటుంది?"

చెప్పులు వేసుకుని వీధిలోకి వచ్చేశాను. అన్నయ్య వెనకాలే పరిగెత్తుకొచ్చాడు.

"ఏంటే, ఓ గేమ్ కోసం ఇంత చేస్తావా?"

"అడిగితే నేనే తీసేసేదాన్ని కదా అన్నయ్యా. నీ కోసం అంతకుముందు తియ్యలేదా?"

వాడు వెనక్కి తిరిగి లోపలికి వెళ్ళిపోయాడు. నాకు ఏడుపు రాలేదు. నేను ఓదార్చిన ఆ సాయంత్రం, ఆ మామిడిపండు, పక్కనే నిలబడి చూస్తూ ఊరుకున్న అమ్మ... అవే కళ్ళముందు తిరిగాయి.

ఇప్పటికీ అన్నయ్యతో బాగానే ఉంటాను. బాపట్ల వెళ్తే వాళ్ళింట్లోనే భోంచేస్తాను. కానీ వాడు ఏ మాట చెప్పినా వదినను ఇంకోసారి అడిగి గానీ నమ్మను. "నీకు నేనెప్పుడైనా అబద్ధం చెప్పానా?" అని అమ్మ అంటుంటుంది. నేను మాట మార్చేస్తాను...

ఈ రోజుల్లో మా పిల్లలకు ఎవరి ఫోను వాళ్ళది, ఎవరి పాస్‌వర్డు వాళ్ళది. చోటు కోసం పేచీ లేదు, ఒకరిది ఒకరు చెరిపేసే వీలూ లేదు. మంచిదే... కానీ ఒకరినొకరు నమ్మాల్సిన అవసరమే వాళ్ళకు రావడం లేదు.

మీ ఇంట్లోనూ ఇలా కరెంటు మీదకు నెట్టేసినవి ఏమైనా ఉన్నాయా? ఉంటే కింద రాయండి... నిజం మీకు ఎప్పుడు తెలిసిందో, అది కూడా.