పదకొండు పేర్లు, ఒక్క చెయ్యి

రాయ్‌పూర్ గుఢియారీలో పరదేశి విసిరిన బంతి, పరుగెత్తుతున్న గూడ్సు బండి రెండు పెట్టెల సందులోంచి దూరిపోయి, పట్టాలకు అవతల దుకాణం చూరుకు వేలాడుతున్న బూడిద గుమ్మడికాయను రెండు చెక్కలు చేసింది. చూసినవాళ్లు ఇంకా ఉన్నారు. నమ్మకం కుదరకపోతే కొంచెం తగ్గించుకోవచ్చు. బండి పరుగెత్తడం లేదు, సిగ్నలు దొరక్క ఆగి ఉంది. గుమ్మడికాయ కూడా దిష్టికి కట్టి ఆరు నెలలైంది. లోపలంతా కుళ్లి, గట్టిగా తుమ్మితే పగిలేలా ఉంది. కానీ బంతి పోయింది మాత్రం ఆ సందులోంచే. అంతకన్నా తగ్గించడానికి వీల్లేదు.

అది 2005. పరదేశికి అప్పుడు పద్దెనిమిదేళ్లు. తండ్రి విజయనగరం వైపునుంచి రాయ్‌పూర్ వచ్చి, గూడ్సు షెడ్డులో సిమెంటు మూటలు మోసీ మోసీ ఊపిరితిత్తులు చెడి పోయాడు. తల్లి పైడమ్మ గుఢియారీ బజారులో ఇడ్లీ బండి పెట్టింది. చెల్లెలు మాలతి పిండి రుబ్బేది. పరదేశి గిన్నెలు కడిగేవాడు, పదో తరగతి లెక్కల పరీక్ష తప్పేవాడు. రెండూ క్రమం తప్పకుండా చేసేవాడు.

బంతి సందులోంచి దూరడం చూసినవాళ్లలో యుగంధర్ సార్ ఒకడు. ఒక ప్రైవేటు స్కూల్లో డ్రిల్లు మాస్టారు, సాయంత్రాలు బేస్‌బాల్ టీమ్ నడిపేవాడు. రాయ్‌పూర్ కుర్రాళ్లకు ఆ ఆట మీద పెద్ద ప్రేమ ఉందనుకోవద్దు. క్రికెట్‌కు వెయ్యిమంది పోటీ, దీనికి ఇరవైమంది. పెద్ద పోటీల్లో మొదటి నాలుగు స్థానాల్లో నిలిచిన టీమ్‌కు సర్టిఫికెట్లు ఇస్తారు. అది చేతిలో ఉంటే స్పోర్ట్స్ కోటాలో సర్కారు ఉద్యోగం. ఆట సంగతి అంతే. తొమ్మిదిమందిలో మట్టిదిబ్బ మీద నిలబడి బంతి విసిరేవాణ్ణి పిచ్చర్ అంటారు. వాడు మంచివాడైతే మిగతా ఎనిమిదిమంది గడ్డి పీక్కుంటూ నిలబడినా సర్టిఫికెట్ వస్తుంది.

"పదో క్లాసు పాసయ్యావా?" అని అడిగాడు యుగంధర్ సార్.

"నేదు సార్. లెక్కలు ఉండిపోనాయి."

"మరి నీ పేరు మీద సర్టిఫికెట్ వస్తే ఏం చేసుకుంటావురా? పటం కట్టించి ఇడ్లీ బండికి తగిలిస్తావా?"

సార్ పక్కనే ఉన్న భీమారావును చూపించాడు. వీళ్ల వీధి కుర్రాడే, రెండేళ్లు పెద్ద.

"వీడికి పదో క్లాసు ఉంది, చెయ్యి లేదు. నీకు చెయ్యి ఉంది, పదో క్లాసు లేదు. ఈసారికి వీడి పేరుతో ఆడు. నువ్వు పాసైన ఏడు నీ పేరుతో ఆడిస్తాను. ఇది నా జబాన్, మాట తప్పను."

అలా మొదలైంది. ఆ టీమ్‌లో ఒక పద్ధతి ఉండేది. పోటీకి వెళ్లే రైలు ప్లాట్‌ఫారం దాటగానే అసలు పేర్లు ఆగిపోతాయి. కాగితం మీద ఎవరి పేరు ఉంటే ఆ పేరుతోనే పిలవాలి. నోరు జారినా, పిలిస్తే పలక్కపోయినా అందరికీ సమోసాలు కొనిపెట్టాలి. మొదటి ప్రయాణంలో రాజ్‌నంద్‌గావ్ చేరేలోపు అందరికన్నా ఎక్కువ జరిమానా పరదేశికే పడింది. "భీమారావూ" అంటే కిటికీలోంచి చూస్తూ ఉండిపోయేవాడు.

మైదానంలోనూ అంతే. అంపైర్ మూడుసార్లు భీమారావ్ అని కేకేస్తే, ఎవరో పిలుస్తున్నారే అన్నట్టు ఆకాశం వైపు చూశాడు. అతను విసిరిన బంతిని పట్టే క్యాచర్ పరదేశి దగ్గరకు నడిచొచ్చి, బంతి చేతిలో పెడుతూ, "నిన్నేరా భీమారావూ, మీ అమ్మ పెట్టిన పేరే మరిచిపోతే ఎలారా," అన్నాడు. ఆ రోజు అవతలి టీమ్‌లో ఆరుగురికి బంతి కనబడలేదు. కప్పు వచ్చింది. సర్టిఫికెట్ భీమారావు ఇంటికి పోయింది.

తర్వాత అద్దెకు తిరిగాడు. దుర్గ్‌లో తరుణ్. నాగ్‌పూర్‌లో వివేక్. ఉర్లాలో ఒక ఫ్యాక్టరీ టీమ్‌కు వెల్డర్ పేరు. రూర్కెలాలో బెంగాలీ పేరు పెట్టారు. అవతలి టీమ్‌లో ఒక బెంగాలీ ఆప్యాయంగా పలకరించేసరికి రెండు రోజులూ గొంతు పోయినట్టు నటించాడు. అందుకు ఇచ్చేది బూట్లు, రైలు టిక్కెట్టు, తిండి, దినకూలీ. ఏడేళ్లలో పదకొండు పేర్లు. అందులో ఆరుగురికి ఉద్యోగాలొచ్చాయి. చలికాలం అయిపోగానే పరదేశి గిన్నెల దగ్గరకు వచ్చేవాడు.

భీమారావుకు 2007లో ఒక సర్కారు ఆఫీసులో ఉద్యోగం వచ్చింది. మరుసటి ఏడు తనే వచ్చి మాలతిని అడిగాడు. కట్నం మాట ఎత్తలేదు. పైడమ్మ మూడు రోజులు ఇరుగుపొరుగుకు ఉత్తినే ఇడ్లీలు పెట్టింది. పెళ్లయిన నెలకు అల్లుడు అసలు సంగతి చెప్పాడు. స్పోర్ట్స్ కోటాలో చేరినవాడు ఐదేళ్లు ఆఫీసు టీమ్‌కు ఆడాలి. ఆడకపోతే ఉద్యోగం ఖాయం చెయ్యరు. భీమారావు విసిరితే బంతి సగం దూరం వెళ్లి దాహం వేసినట్టు ఆగిపోయేది.

"ఇప్పుడు ఏటి సెయ్యమంటావు, బావా?"

"నా చొక్కా తొడుక్కో. ఐదేళ్లే కదా."

ప్రతి చలికాలంలో పరదేశి ఆ చొక్కా తొడుక్కున్నాడు. టీమ్‌లో అందరికీ తెలుసు. గెలుస్తున్నారు కాబట్టి ఎవరికీ తెలియదు. భీమారావు మంకీ టోపీ పెట్టుకుని జనంలో కూర్చుని, తనను తానే చప్పట్లు కొట్టి ప్రోత్సహించుకునేవాడు.

పరదేశి లెక్కలు 2009లో పాసయ్యాడు. వచ్చే ఏడు అన్నాడు యుగంధర్ సార్. ఆ వచ్చే ఏడు కూడా వచ్చే ఏడు అన్నాడు. కోటాకు వయసు హద్దు ఇరవై ఐదు. 2012 జూలైతో అది దాటుతుంది. జనవరిలో నాగ్‌పూర్‌లో పెద్ద పోటీ, ఇక అదొక్కటే. సార్ జాబితా టైపు చేయించి స్కూలు నోటీసు బోర్డుకు అంటించాడు. పిచ్చర్: పరదేశి. అతను గిన్నెలు సగంలో వదిలి, సైకిలు తొక్కుకుంటూ వెళ్లి చూసొచ్చాడు. మర్నాడు మళ్లీ వెళ్లాడు.

నాగ్‌పూర్‌కు వారం ముందు మాలతి చంటిదాన్ని ఎత్తుకుని వచ్చింది. భీమారావు ఐదేళ్ల గడువులో ఆఖరి పోటీ, ఆ ఆదివారమే.

"అన్నియ్యా, నాను అడగను. ఆయన ఎల్లమన్నారు, వొచ్చాను."

"అడగనంటూనే అడుగుతున్నావు కదే."

"మోచెయ్యి వాసిపోయుంది కదా, నాను సూత్తన్నాను కాదేటి. వద్దులే. ఉద్యోగం పోతే పోద్ది."

"పోతే మీరు ఏటి తింటారు?"

మాలతి బిడ్డ తల నిమురుతూ కూర్చుంది. బిడ్డ పేరు లహరి. మేనమామ చెయ్యి దొరికితే వేళ్లు ఒక్కొక్కటీ పట్టుకుని లాగే అలవాటు దానికి. ఆ రోజు కూడా లాగింది. నొప్పి మోచేతి దాకా పాకింది. పరదేశి చెయ్యి తీసుకోలేదు.

ఆదివారం రెండు మ్యాచ్‌లు విసిరాడు. భీమారావు ఉద్యోగం ఖాయమైంది. గురువారం నాగ్‌పూర్‌లో, తన పేరు రాసిన కాగితంతో, దిబ్బ ఎక్కాడు. మైకులో పరదేశి అని పిలిచారు. రెండు ఇన్నింగ్స్‌లు ఎవరికీ బంతి తగల్లేదు. మూడో దాంట్లో మోచేతి లోపల ఏదో చిరిగింది; తడి గోనెసంచి చిరిగిన చప్పుడు తనకే వినబడింది. తర్వాత ఎడమచేత్తో ముగ్గురిని ఔట్ చేశాడని గుఢియారీలో చెబుతారు. అది గుఢియారీ వాళ్లు చేర్చింది. నిజానికి దిబ్బ మీదే కూర్చుండిపోయాడు. లేపి తీసుకెళ్లడానికి ఇద్దరు కావలసి వచ్చింది. టీమ్ ఏడో స్థానంలో నిలిచింది. ఏడో స్థానానికి సర్టిఫికెట్ ఉండదు.

2019 వచ్చేసరికి పరదేశి ఊరి శివారు టాటీబంధ్‌లో ఒక ట్రాన్స్‌పోర్ట్ గోడౌన్ దగ్గర ఉన్నాడు. వెనక్కు వచ్చే లారీలకు దారి చెప్పడం పని. కుడిచెయ్యి పూర్తిగా చాచలేడు కాబట్టి ఎడమచేత్తో సైగ చేస్తాడు. అన్నం కూడా ఎడమచేత్తోనే. పైడమ్మ అది చూడలేక వేరే గదిలో తినేది.

ఆ ఏడు భీమారావు మీద ఎవరో అర్జీ పెట్టారు. ప్రమోషన్ దొరకని సహోద్యోగి అన్నారు. దొంగ సర్టిఫికెట్ మీద చేరాడని, విసిరింది బావమరిది అని. విచారణకు పరదేశిని పిలిచారు. ముందు రోజు భీమారావు వచ్చి గుమ్మంలోనే నిలబడ్డాడు. కూర్చోమన్నా కూర్చోలేదు.

"నేనేం చెప్పమనను. నీ ఇష్టం. జైలు కూడా ఉంటుందంట."

"మాలతికి తెలుసా?"

"చెప్పలేదు."

అతను వెళ్లాక పైడమ్మ అంది, "నిజం సెప్పెయ్‌రా. అందరికీ పెట్టేసినావు. నీదేటైనా ఉంటే నువ్వూ అడుక్కో."

"అడిగితే మాలతి ఎక్కడికి వస్తాదే? ఈ రెండు గదుల్లోకే కదా."

"వస్తే రానీ. నా కడుపున పుట్టినోళ్లు ఇద్దరు కదా." ఆ తర్వాత పైడమ్మ మళ్లీ ఆ మాట ఎత్తలేదు.

విచారణ అధికారి యాభై దాటిన మనిషి, హిందీలో నెమ్మదిగా మాట్లాడాడు. బల్ల మీద పాత పేపరు ముక్క పెట్టాడు. రాజ్‌నంద్‌గావ్‌లో గెలిచిన టీమ్ ఫొటో. మధ్యలో కప్పు పట్టుకున్న బక్క కుర్రాడు. కింద భీమారావు, పిచ్చర్ అని అచ్చు.

"ఆ రోజు అవతలి టీమ్ నేనే తీసుకొచ్చాను," అన్నాడు అధికారి. "పదిహేనేళ్లు కోచ్‌గా చేశాను. అలాంటి చెయ్యి మళ్లీ చూడలేదు. నిన్న మీ బావ చేత విసిరించాను. బంతి నా దాకా రాలేదు." పేపరు ముక్కను పరదేశి వైపు జరిపాడు. "నువ్వే అని చెబితే రాసుకుంటాను. ఉద్యోగం ఇప్పించలేను, వయసు పోయింది. కానీ ఆ కప్పు ఎవరిదో రికార్డులో సరిచేయిస్తాను. నీ పేరు ఉంటుంది."

పరదేశి ఫొటో వైపు చాలాసేపు చూశాడు. గోడ మీద ఫ్యాన్ రెక్కల నీడ తిరుగుతోంది. అధికారి సొరుగులోంచి ఒక బంతి తీసి బల్ల మీద దొర్లించాడు. అది నెమ్మదిగా అంచు దాకా వచ్చింది. పరదేశి రెండు చేతులూ ఒళ్లోనే ఉంచుకున్నాడు. బంతి కింద పడి మూలకు దొర్లిపోయింది.

"ఇందులో ఉన్నది మా బావ సార్."

"మరి ఆ మోచెయ్యి ఏమైంది?"

"లారీ మీదనుంచి పడ్డాను."

"నీ పేరు, బాబూ. ఆలోచించుకో. ఇంకెవరూ అడగరు."

"నేను ఏ ఊరికీ పోలేదు సార్. ఎవరి పేరుతోనూ ఆడలేదు. ఆ రోజుల్లో మా అమ్మ బండి దగ్గర గిన్నెలు కడుగుతున్నాను," అన్నాడు పరదేశి. "ఆ ఆట నాకు రాదు. మీకెవరో కట్టుకథ చెప్పారు."