డెబ్బై రెండు గంటల చెయ్యి

టిక్కు. కాసేపు ఏమీ లేదు. మళ్ళీ టిక్కు.

పుంగనూరు దర్జీల వీధిలో కుట్టుమిషన్ల హోరుమీద కూడా ఆ చిన్న చప్పుడు తేలి వినపడేది. పెన్ను మీట నొక్కి వదులుతూ నడిచే అలవాటు ఆ దారిలో ఒక్కరికే ఉంది. "టీబీ మేడమ్ వస్తాండాది," అని ఎవరో ఒకరు అనేవారు, మనిషి మలుపు తిరగకముందే. ఆ తర్వాత కనపడేది సావిత్రమ్మ. అరవై దాటిన పొట్టి మనిషి. భుజాన మందు సీసాల చల్లపెట్టె, చేతిసంచిలో ప్లాస్టిక్ స్కేలు, ఎండకి కళ్ళు సగం మూసుకుని నడక.

ఆమెది కురబలకోట. నాయన గొర్రెలు మేపేవాడు. పొద్దువాలి మంద ఇల్లు చేరాక, వెలుతురు సన్నగిల్లే ఆ కాసేపట్లో గొర్రెల బొచ్చులో నెత్తురు తాగే పిడుదులు వెతికి తీయడం సావిత్రి పని. కళ్ళతో వెతికితే ఒక్కటీ దొరికేది కాదు. వేళ్ళు దూర్చి, ఊపిరి బిగబట్టి, ఉన్ని అడుగున చర్మం ఎక్కడ మెత్తగా ఉందో ఎక్కడ గింజలా తగులుతోందో వినాలి. అవును, వేళ్ళతో వినడమే అది. నర్సు చదువుకి మదనపల్లె వెళ్ళినప్పుడు, క్షయ చర్మపరీక్ష చూడటం క్లాసులో అందరికన్నా ముందు ఆమెకే వచ్చింది.

ఆ పరీక్ష చూడటానికి చాలా చిన్నది. మోచేతికీ మణికట్టుకీ మధ్య, లోపలివైపు, చర్మం పైపొరలోకి సన్నని సూదితో ఒక్క చుక్క మందు. శనగబేడంత తెల్లని బుడ్డ లేస్తుంది, అరగంటలో అణిగిపోతుంది. ఆ తర్వాత పని మనది కాదు, శరీరానిది. అంతకుముందెప్పుడో క్షయ క్రిమి లోపలికొచ్చి ఉంటే, శరీరానికి ఆ ముఖం గుర్తుంటుంది. పాత పగవాణ్ణి గుర్తుపట్టిన ఊరిలా, లోపలి కావలి కణాలన్నీ ఆ చుక్క దగ్గరికి మెల్లగా నడిచివస్తాయి. అవి చేరడానికి రెండు రోజులు పడుతుంది. మూడు రోజులు దాటితే విడిపోవడం మొదలెడతాయి. అందుకే నలభై ఎనిమిది గంటలకీ డెబ్బై రెండు గంటలకీ నడుమ ఎవరో ఒకరు వచ్చి ఆ చెయ్యి తడిమి చూడాలి. చర్మం కింద గట్టిదనం అడ్డంగా ఐదు మిల్లీమీటర్లో ఆపైనో ఉంటే, క్రిమి లోపల ఉందని. జబ్బు ఉందని కాదు. నిద్రపోతోందని.

చాలా ఏళ్ళ కిందట ఆమె మల్లప్ప అనే గొర్రెలకాపరికి ఈ సూది వేసింది. మూడో రోజుకి అతను మందతో గడ్డి వెతుక్కుంటూ వెళ్ళిపోయాడు. సావిత్రమ్మ రిజిస్టరులో అతని పేరు ముందు 'రాలేదు' అని రాసి పుట మూసింది. రెండేళ్ళకి మల్లప్ప నెత్తురు దగ్గుతూ తిరిగివచ్చాడు. మందులతో బతికాడు గానీ, ఆ గుట్టలెక్కే ఊపిరి మళ్ళీ రాలేదు. ఆ రోజు ఆమె పాత పుట తీసి ఆ మాట కొట్టేసి, కింద ఇంకో మాట రాసింది: 'నేను పోలేదు.' ఆనాటినుంచి తను సూది వేసిన చెయ్యి చూడకుండా వదిలింది లేదు.

ఈ కథ నాజియా చేతిది.

నాజియాకి ఇరవై ఒకటి. తాత ఫకీర్ సాహెబ్ దర్జీ. ఆయనకి క్షయ అని తేలకముందు నాలుగు నెలలు దగ్గుతూనే మిషన్ తొక్కాడు. ఆ నాలుగు నెలలూ ఒకే గదిలో పడుకుని రాత్రిళ్ళు వేడినీళ్ళు కాచి ఇచ్చింది ఈ మనవరాలే. ఇప్పుడాయన మందులతో కోలుకున్నాడు, ఆయన దగ్గు ఇంకెవరికీ అంటదు. ఇంట్లోవాళ్ళలో ఈ పిల్లని పరీక్షించడం మిగిలింది. సోమవారం పొద్దున పదకొండుకి సావిత్రమ్మ నాజియాకి సూది వేసి, గోకొద్దు, రుద్దొద్దు, బుధవారం వస్తానని చెప్పింది.

బుధవారం వస్తే ఇంటికి తాళం. కుప్పంలో చుట్టాలమ్మాయి మున్నీ పెళ్ళి, అందరూ అక్కడికే పోయారంది పక్కింటామె. "నాజియా ఇంక ఈడికి రాదు మేడమ్. పెళ్ళి అయినంక కుప్పంలోనే రైలెక్కి బెంగళూరు పోతాది. ఉద్యోగం వచ్చింది గదా." ఎవరికి ఫోన్ చేసినా ఎత్తలేదు.

మదనపల్లె ఆఫీసులో రిపోర్టులు చూసే యువరాజ్‌కి ఫోన్ చేస్తే అతను నవ్వాడు. "యాల మేడమ్ అంత తిప్పలు? రాలేదని రాసేయండి. వచ్చే నెల మళ్ళా ఏస్తాం."

"వచ్చే నెల ఆ యమ్మి యాడ ఉంటాదో నీకు తెల్సునా యువరాజప్పా? లోపల నిద్రపోయేది యా ఊర్లో లేస్తాదో తెల్సునా?"

గురువారం తెల్లవారుజామున తనుండే మదనపల్లెలో మొదటి బస్సు ఎక్కింది. పలమనేరులో ఒకటి మారి, వి.కోట దాటాక టమోటా లారీల వెనక ఇరుక్కుని, పక్కింటామె చెప్పిన గుర్తులతో పెళ్ళింటి పందిరి చేరేసరికి పది ఇరవై. డెబ్బై రెండు గంటలు నిండటానికి ఇంక నలభై నిమిషాలు.

నాజియా అవ్వ కుల్సుమ్ గుమ్మంలోనే నిలబడింది. "ఈడికి యాల వచ్చినావు తల్లీ? పదిమంది ఉండారు. పిల్ల పేరు చెడిపోతాది."

"చెయ్యి చూసి పోతా కుల్సుమ్ బీ. అయిదు నిమిషాలు."

"సూసేదానికి ఏం లే. సూడు కావాలంటే."

నాజియా ముందుకొచ్చింది. రెండు చేతులూ అరచేతినుంచి మోచేతిదాకా గోరింటాకు. మామిడిపిందెలు, తీగలు, చుక్కలు. ఎడమచేతి మీద సూది వేసిన చోట మాత్రం బొమ్మ ఏదీ లేదు. అక్కడ అరచెయ్యంత మేర ముద్దగా మెత్తినట్టు నిండుగా పండింది. సావిత్రమ్మకి అర్థమైంది. చెయ్యి ఎర్రగా పొంగడం చూసి, జబ్బు చర్మంమీదికి తన్నుకొచ్చిందని బెదిరి, ముసలామె రాత్రికి రాత్రే దాన్ని ఎరుపుతోనే మూసేసింది.

"అడిగిన చుట్టాలకి అదే డిజైన్ అని చెప్పినా," అంది కుల్సుమ్, కొంచెం గర్వంగానే. "ఇప్పుడు ఏ ఎరుపు దేనిదో నీ దేవుడికీ తెలీదు, నా దేవుడికీ తెలీదు. పో తల్లీ. బిర్యానీ తిని పో."

"ఆకు నూరి పెట్టినావా, కోన్ తెచ్చి పెట్టినావా?"

కుల్సుమ్‌కి రోషం వచ్చింది. "కోనా? మా ఇంట్లోనా? మా పెరట్లో ఆకు. నేనే నూరినా."

"అట్లయితే మంచిది. కోన్లో మందులుంటాయి, అవే చర్మాన్ని పొంగిస్తాయి. ఎరుపుతో నాకు పనిలే కుల్సుమ్ బీ. ఎరుపు లెక్కలోకే రాదు. ఇది కండ్లతో చూసేది కాదు."

తర్వాత నాజియా వైపు తిరిగింది. "అవ్వ చెయ్యి కాదు, నా చెయ్యి కాదు. నీది. నువ్వు ఇస్తేనే పట్టుకుంటా."

పందిరిలో గిన్నెలు కడిగే చప్పుడు. ఎవరో పిల్లని పిలుస్తున్నారు. నాజియా అవ్వ ముఖంలోకి చూసింది, తర్వాత పందిరి చివర కుర్చీలో, అలవాటుగా అందరికీ దూరంగా కూర్చున్న తాత వైపు చూసింది. ఎడమచెయ్యి చాపింది.

సావిత్రమ్మ ముందు కుడిచెయ్యి తడిమింది. గోరింటాకు కింద అంతటా మెత్తన. అప్పుడు ఎడమచెయ్యి మీద చూపుడువేలు పెట్టి కళ్ళు మూసుకుంది. మెత్తన, మెత్తన, ఇంకా మెత్తన. ఆ తర్వాత ఒక అంచు. నీళ్ళలో నడుస్తూ పోతే గట్టు తగిలినట్టు. ఆ అంచు దగ్గర పెన్నుతో గీత గీయాలి. గీసి కళ్ళు తెరిచింది. ముదురుగా పండిన చేతిమీద నీలం గీత ఎక్కడ పడిందో ఆమెకే కనపడలేదు.

ఫకీర్ సాహెబ్ ఎప్పుడు లేచాడో, పక్కకొచ్చి జేబులోంచి చిన్న బిళ్ళ తీసి ఇచ్చాడు. దర్జీలు గుడ్డమీద గీతలు గీసే తెల్ల సుద్ద.

"ముదురు గుడ్డకి ఇదే పనికొస్తాది మేడమ్."

తెల్లగీత ఒకటి ఇటు. తెల్లగీత ఒకటి అటు. చేతికి అడ్డంగా స్కేలు. పది గంటల యాభై రెండు నిమిషాలకి సావిత్రమ్మ స్కేలు చదివింది. "పద్నాలుగు."

కుల్సుమ్ గడపమీదే కూలబడింది. "అంటే వచ్చేసినట్టే గదా, నాయనా."

"రాలే. వచ్చి పండుకోనుండాది, అంతే. ఈ పిల్ల ఎవురికీ అంటించదు. ఎక్స్‌రే తీస్తాం, లోపల బాగుంటే వారానికి ఒకసారి మాత్రలు, పన్నెండు వారాలు. లేవకముందే పంపించేస్తాం. నువ్వు మూసింది చెయ్యినే, దాన్ని కాదు. ఇప్పుడు తెల్సింది కాబట్టి గెలుస్తాం."

నాజియా ఏడ్వలేదు. చేతిమీది రెండు తెల్లగీతల్నీ చాలాసేపు చూసింది. "ఇంత చిన్నదానికా అవ్వా రెండు రాత్రులు నిద్ర లేకుండా చేసినావు?" అంది. అప్పుడు అందరికన్నా ముందు నవ్వింది ఫకీర్ సాహెబే.

ఎక్స్‌రే ఆ మధ్యాహ్నమే కుప్పంలో తీశారు. ఊపిరితిత్తులు శుభ్రంగా ఉన్నాయి. నాజియా ఆదివారం దాకా ఆగి, మొదటి మాత్రలు వేసుకుని రైలెక్కింది. ఆ తర్వాత ప్రతి ఆదివారం పొద్దున సావిత్రమ్మ ఫోన్‌లో ఆ పిల్ల ముఖం, నాలుకమీద మాత్ర, పక్కన నీళ్ళగ్లాసు. మొదటి వారం కంగారుగా, "మేడమ్, ఒంటికి పోతే నారింజరంగు వస్తాంది," అంది. "అది మాత్ర రంగే. మీ అవ్వకు చెప్పొద్దు, దానిక్కూడా ఏమన్నా పూస్తాది," అంది సావిత్రమ్మ. పన్నెండో ఆదివారం ఖాళీ అట్ట చూపించి, ఫోన్ గదంతా తిప్పి, తోటి ఆడపిల్లలందరిచేతా చప్పట్లు కొట్టించింది.

ఇప్పుడు పుంగనూరులో పరీక్షకి రమ్మంటే జనం దాక్కోవడం తగ్గింది. కుల్సుమే ముందుండి తీసుకొస్తుంది, వెనకాడేవాళ్ళకి గోరింటాకు కథ తనే చెబుతుంది, అందులో తన తెలివిని కొంచెం పెంచి. సావిత్రమ్మ రిటైరై మదనపల్లెలోనే ఉంటోంది. ఇదంతా చెప్పి, ఈ కథ రాసేవాళ్ళు కాగితాలు మడుస్తుంటే చెయ్యి అడ్డం పెట్టి ఆపి, ఆఖరుగా ఆమె అన్నది ఇది:

"నా పేరు రాస్తే రాయి, మానితే మానుకో. ఆ పిల్ల పేరు మార్చి రాయమందాం అనుకోనుంటి. నిన్న ఫోన్ చేసింది. నాజియా అనే రాయమన్యాది, ఇంటిపేరుతో సహా అడిగితే చెప్పమన్యాది."